తురుము గట్టిగా పిండండి: లాట్కేల మీద మీ ప్రశ్నలు

పోయిన సంచికలో యూదుల హనుక్కా పండుగ గురించి రాస్తూ, ఆ రోజుల్లో వాళ్లు నూనెలో వేయించుకునే బంగాళాదుంప అట్టు, అదే లాట్కే, గురించి నాలుగు మాటలు చెప్పాను. దాని మీద ఉత్తరాలూ వాట్సాప్ సందేశాలూ చాలా వచ్చాయి. అందుకే ఈసారి శీర్షిక మొత్తం ఆ ప్రశ్నలకే.

నేను ఈ వంట నేర్చుకున్నది న్యూజెర్సీలో. మేం ఎడిసన్‌లో ఉన్న రోజుల్లో, ఆనుకునే ఉన్న హైలాండ్ పార్క్‌లో ఒక పెద్దావిడ ఇంటికి వెళ్తుండేదాన్ని. ఆవిడ తాతముత్తాతలు లిథువేనియా నుంచి వచ్చినవాళ్లు. అక్కడే పరిచయమైన ఇంకొకావిడ కుటుంబం టర్కీలోని ఇజ్మీర్‌ది. మొదటావిడ ఇంట్లో బంగాళాదుంప, రెండో ఆవిడ ఇంట్లో లీక్, అంటే లావుపాటి ఉల్లికాడలాంటి కూర. ఇద్దరి ఇళ్లలోనూ పండగ పూట పెనం మీద నూనె చిటపటలాడాల్సిందే. కింద చెప్పే పద్ధతుల్లో చాలావరకు వాళ్ల పొయ్యి పక్కన నిలబడి చూసినవే.

మేడమ్, వీడియో చూసి లాట్కేలు చేశాను. తురుముతుండగానే దుంప నల్లబడింది. నూనెలో వేయగానే సగం విడిపోయాయి. విడిపోనివి మెత్తగా నూనె పీల్చుకున్నాయి. ఎక్కడ తేడా వచ్చింది? (ఒక గృహిణి, విజయవాడ)

దుంప నల్లబడటం గాలి తగలడం వల్ల. మిగతా రెండు ఇబ్బందులూ చాలావరకు దుంపలోని నీళ్ల వల్ల వచ్చేవే. పద్ధతి మొత్తం చెబుతాను, ఎక్కడ తేడా వచ్చిందో మీకే తెలుస్తుంది.

ముందు దుంప. తొక్క గోరుతో గీకితే ఊడిపోయే కొత్త దుంపలు ఈ వంటకు పనికిరావు, వాటిలో నీరు ఎక్కువ. తొక్క ముదిరి, కోస్తే పొడిగా ఉండే పాత పంట దుంప తీసుకోండి. దాన్ని ఫ్రిజ్‌లో మాత్రం పెట్టకండి. చల్లదనానికి దుంపలోని పిండిపదార్థం కొంత చక్కెరగా మారుతుంది. అలాంటి దుంప లోపల ఉడక్కముందే పైన నల్లగా మాడుతుంది.

కొలతలు: కిలో బంగాళాదుంపలు, ఒక పెద్ద ఉల్లిపాయ, రెండు గుడ్లు, మూడు నాలుగు టేబుల్ స్పూన్ల మాట్జో పొడి, ఉప్పు ఒకటిన్నర టీస్పూన్లు, మిరియాల పొడి. మాట్జో అంటే పస్కా పండుగకు చేసే పులియని రొట్టె, దాన్ని దంచితే ఈ పొడి. మనకు దొరకదు కాబట్టి తీపి లేని రస్కుల పొడి గానీ మైదా గానీ వాడండి.

ఉల్లిపాయను దుంపతో కలిపి తురమాలి. రెండు దుంపలు తురిమాక కాస్త ఉల్లిపాయ, మళ్లీ దుంప, మళ్లీ ఉల్లిపాయ. ఉల్లి రసం తగిలిన తురుము అంత తొందరగా నల్లబడదు. పెద్దావిడ సగం దుంపల్ని తురుముపీట పెద్ద కన్నాల మీద, సగం చిన్న కన్నాల మీద తురిమేది. పెద్ద తురుము అంచుల్లో కరకరలాడుతుంది, సన్న తురుము లోపల మెత్తగా ఉండి అట్టును పట్టి ఉంచుతుంది. నాకూ ఇదే నచ్చింది. మిక్సీ వేయకండి, గుజ్జయిపోతుంది.

ఇప్పుడు అసలు పని. తురుమును పాత పంచె ముక్కలో గానీ పల్చటి నూలు చున్నీలో గానీ మూటకట్టి, ఒక గిన్నె మీద పట్టుకుని మెలితిప్పి పిండండి. ఇక రావనుకున్నాక ఐదు నిమిషాలు ఆగి మళ్లీ పిండండి, ఇంకా వస్తాయి. ఆ నీళ్లు పారబోయకండి. పది నిమిషాలు కదపకుండా ఉంచితే గిన్నె అడుగున తెల్లటి ముద్దలా గట్టిగా పేరుకుంటుంది. అది దుంపలోని పిండిపదార్థం. పైనీళ్లు మెల్లగా వంచేసి ఆ తెల్లముద్దను తిరిగి తురుములో కలపండి. లాట్కే విడిపోకుండా పట్టి ఉంచేది చాలావరకు అదే. దాన్ని నీళ్లతో పాటు పారబోసి, విడిపోతోందని మైదా మీద మైదా కలిపితే అట్టు రబ్బరులా సాగుతుంది.

గుడ్లు, పొడి, మిరియాలు కలిపి, ఉప్పు చివర్లో వేసి, వెంటనే పెనం దగ్గరకు వెళ్లిపోండి. ఉప్పు తగిలితే తురుము మళ్లీ నీరు వదులుతుంది. అందుకే ప్రతి విడతా పెనం మీద వేసేముందు ఆ పిడికెడు తురుమును మళ్లీ కాస్త పిండాలి.

అడుగు మందంగా ఉన్న పెనంలో అర సెంటీమీటరు ఎత్తు నూనె పోయండి. పల్లీ నూనె బాగుంటుంది. థర్మామీటరు ఉంటే 175 నుంచి 180 డిగ్రీల సెల్సియస్. లేకపోతే ఒక్క తురుము పోగు వేసి చూడండి, వెంటనే చుట్టూ బుడగలు లేవాలి. రెండు స్పూన్ల ముద్ద వేసి గరిటె వెనకవైపుతో పల్చగా అదమండి. అంచులు గుండ్రంగా నున్నగా చేయకండి, చెదిరిన పోగులే బాగా వేగుతాయి. ఒక వాయికి నాలుగు చాలు. ఎక్కువ వేస్తే నూనె చల్లారి, అట్టు వేగడం మానేసి నూనె తాగడం మొదలుపెడుతుంది. ఒక్కో వైపు మూడు నాలుగు నిమిషాలు. అంచు ఎర్రబడేదాకా తిరగేయకండి. తీశాక జల్లెడ మీద విడివిడిగా పెట్టండి, ఒకదాని మీద ఒకటి పేరిస్తే ఆవిరికి మెత్తబడతాయి.

ఇంకొక్క మాట. మొదటిసారి పచ్చిమిర్చి, అల్లం, జీలకర్ర లేకుండా చేసి చూడండి. ఉప్పు, మిరియాలు, ఉల్లి, వేగిన దుంప, అంతే ఆ రుచి. మనకు చప్పగా ఉంటుందేమోనన్న అనుమానం మొదటి ముక్కతోనే పోతుంది.

హనుక్కా రెండువేల ఏళ్ల నాటి పండుగ అన్నారు. బంగాళాదుంప ఐరోపాకు వచ్చిందే 16వ శతాబ్దంలో కదా. మరి అంతకుముందు ఏం తినేవారు? (ఒక చరిత్ర ఉపాధ్యాయుడు, హనుమకొండ)

చాలా మంచి ప్రశ్న మాస్టారూ. ఈ పండుగలో పాతది నూనె. కూరగాయ తర్వాత వచ్చి చేరింది.

సిరియా ప్రాంతాన్ని ఏలిన గ్రీకు సెల్యూసిడ్ వంశపు రాజు నాలుగో అంతియొకస్ యెరూషలేము దేవాలయాన్ని అపవిత్రం చేశాడు. మక్కబీయుల కుటుంబం తిరుగుబాటు చేసి, దేవాలయాన్ని తిరిగి పట్టుకుని, క్రీ.పూ. 164 ప్రాంతంలో శుద్ధిచేసి మళ్లీ పూజలు మొదలుపెట్టింది. దీపస్తంభం వెలిగించబోతే ప్రధాన యాజకుడి ముద్ర చెదరని నూనె కూజా ఒక్కటే దొరికిందని, ఒక్కరోజుకు సరిపోయే ఆ నూనె ఎనిమిది రోజులు వెలిగిందని యూదుల ధర్మశాస్త్ర గ్రంథం తాల్ముద్ చెబుతుంది. అందుకే ఎనిమిది రాత్రులు రోజుకొకటి చొప్పున పెంచుతూ దీపాలు పెడతారు, నూనెలో వేయించినవి తింటారు. ఏం వేయించాలన్నది ఎవరి ఊళ్లో దొరికేదాన్ని బట్టి వాళ్లది.

మధ్యయుగాల ఐరోపాలో, ముఖ్యంగా ఇటలీలో, జున్ను అట్లు వేయించేవారు. యూదితు అనే స్త్రీ శత్రు సేనాని హోలోఫెర్నెసుకు ఉప్పటి జున్ను తినిపించి, దాహానికి ద్రాక్షారసం తాగించి, నిద్రపోయాక అతన్ని చంపిందని మధ్యయుగపు యూదు కథలు చెబుతాయి. ఆ కథను హనుక్కాతో కలిపి చెప్పుకునేవారు. తూర్పు ఐరోపా చలిలో ఆలివ్ నూనె దొరకదు, కొనే స్తోమతా ఉండదు. అక్కడ బాతు జాతికి చెందిన గూస్ పక్షుల్ని చలికాలం ముందు మేపి, హనుక్కా రోజుల్లో కోసి, కొవ్వు కరిగించి దాచుకునేవారు. అట్లు ఆ కొవ్వులోనే వేగేవి. పోలండ్, లిథువేనియా, ఉక్రెయిన్ పల్లెల్లో బంగాళాదుంప పేదల తిండిగా స్థిరపడింది 19వ శతాబ్దంలో. ధాన్యం పండని ఏడాది కూడా దుంప దొరికేది, అగ్గువ కూడా. అలా జున్ను స్థానంలోకి దుంప వచ్చింది. అక్కడి యూదులు అమెరికాకు వలస వెళ్లినప్పుడు లాట్కే కూడా వాళ్లతో వెళ్లింది.

మధ్యధరా తీరం యూదులది వేరే దారి, కింద లీక్ ప్రశ్నలో చెబుతాను. ఇజ్రాయెల్‌లో జామ్ కూరి నూనెలో వేయించిన బన్నులు, అంటే సుఫ్గానియోత్, ఎక్కువ. మన దేశంలో కొచ్చిన్ యూదులు నెయ్యప్పం చేసుకునేవారు. కాబట్టి "అసలైన లాట్కే ఏది" అని ఎవరైనా వాదిస్తే నేను ఒప్పుకోను. ఇవన్నీ అసలైనవే.

తేదీ గురించి కూడా కొందరు అడిగారు. వాళ్లదీ చంద్రుణ్ణి బట్టి నడిచే పంచాంగమే, 19 ఏళ్లలో ఏడు అధిక మాసాలు వస్తాయి. కిస్లేవ్ నెల 25న పండుగ మొదలై అమావాస్య దాటేదాకా సాగుతుంది. మన లెక్కలో అది కార్తీక బహుళంలో గానీ మార్గశిర బహుళంలో గానీ పడుతుంది. 2024లో డిసెంబరు 25 సాయంత్రం, 2025లో డిసెంబరు 14 సాయంత్రం మొదలైంది.

అమ్మా, మేం గుడ్డు ముట్టం. గుడ్డు లేకుండా లాట్కే నిలుస్తుందా? (రాజమహేంద్రవరం)

నిలుస్తుందమ్మా. అడుగున పేరుకున్న తెల్లముద్ద ఉంది కదా, దానికి తోడు ఒక ఉడికించిన దుంపను మెత్తగా మెదిపి, రెండు స్పూన్ల కార్న్‌ఫ్లోర్ కలపండి. అట్టు ఇంకొంచెం చిన్నగా వేయండి, తిరగేయడానికి తొందరపడకండి. గుడ్డు వేసినదానికంటే కాస్త గట్టిగా వస్తుంది, అంచులు మాత్రం బాగా కరకరలాడతాయి.

గుడ్డు వాడేవాళ్లకు ఒక సంగతి. ఆచారం పాటించే యూదుల ఇళ్లలో ప్రతి గుడ్డునూ ముందు విడిగా గాజు గ్లాసులో కొట్టి చూస్తారు. రక్తపు చుక్క కనిపిస్తే ఆ గుడ్డు పారేస్తారు, వాళ్లకు రక్తం నిషిద్ధం.

కొన్ని వీడియోల్లో లాట్కే మీద పుల్లటి క్రీమ్, కొన్నిట్లో ఆపిల్ గుజ్జు. ఏది సరైనది? మన చట్నీ పెట్టుకోవచ్చా? (నెల్లూరు)

రెండూ సరైనవే. తేడా వచ్చేది కొవ్వు దగ్గర.

కోషర్ అంటే యూదుల ఆహార నియమాలు. వాటిలో పాలకూ మాంసానికీ పొత్తు లేదు. రెంటికీ వేరే గిన్నెలు, వేరే గరిటెలు. వంటింటి మడి చూసిన మనవాళ్లకు ఆ పట్టింపు వెంటనే అర్థమవుతుంది. గూస్ కొవ్వులో వేయించిన లాట్కే మాంసం కింద లెక్క, దాని మీద క్రీమ్ వేయకూడదు. అక్కడ ఆపిల్ గుజ్జు పనికొస్తుంది, పండు ఎటువైపూ చేరదు. కూరగాయలు, గుడ్లు, నూనె కూడా అంతే. నూనెలో వేయించినదైతే క్రీమ్ పెట్టుకోవచ్చు, కానీ ఆ పూట భోజనంలో మాంసం ఉండకూడదు. 1911లో అమెరికాలో పత్తిగింజల నూనెతో చేసిన క్రిస్కో, మన డాల్డా తరహాది, వచ్చినప్పుడు యూదు ఇళ్లకు అది పెద్ద వెసులుబాటు అయింది. పాలవైపూ మాంసంవైపూ చేరని గట్టి కొవ్వు అది.

మీరు ఇంట్లో చేసుకునేటప్పుడు: రెండు ఆపిల్స్ తొక్క తీసి ముక్కలు చేసి, పావు గ్లాసు నీళ్లు, చిటికెడు దాల్చినచెక్క పొడితో మూతపెట్టి ఉడికించి మెదపండి. చక్కెర అక్కర్లేదు. క్రీమ్ బదులు పెరుగును బట్టలో వేలాడదీసి నీరు పోయాక వాడండి. చట్నీ అంటారా, మీ ఇంట్లో మీ ఇష్టం. నేనైతే వేడి లాట్కే మీద చల్లటి ఆపిల్ గుజ్జు తప్ప ఇంకేదీ పెట్టుకోను.

మా అబ్బాయి అమెరికాలో ఉంటాడు. ఇంటి ఓనర్లు యూదులు, చాలా మంచివాళ్లు. పండక్కి లాట్కేలు చేసి పట్టుకెళ్తానంటున్నాడు. బాగుంటుందా? (ఖమ్మం)

బాబు మనసు మంచిది. కానీ ముందు ఒక మాట అడగమనండి: "మీరు కోషర్ పాటిస్తారా?" ఈ ప్రశ్నకు ఎవరూ నొచ్చుకోరు, పైగా సంతోషిస్తారు. యూదుల్లో పాటించనివాళ్లూ చాలామంది ఉన్నారు, వాళ్లింటికైతే వేడివేడిగా పట్టుకెళ్లొచ్చు.

పాటించేవాళ్లయితే మన గిన్నెల్లో వండినది తినరు, అది మన మీద చిన్నచూపు కాదు. కోషర్ కాని పాత్రలో వండితే దినుసులన్నీ సరైనవైనా వంట పనికిరాదు. కొయ్యని పళ్లు తీసుకెళ్లమనండి. లేదా కోషర్ గుర్తున్న, సీలు తీయని స్వీట్ల డబ్బా. వృత్తం లోపల యు అక్షరం ఉంటే అది బాగా పేరున్న గుర్తు, పక్కన డి ఉంటే పాల పదార్థమని అర్థం. వైన్ వద్దు, దానికి ఇంకా కఠినమైన నియమాలున్నాయి.

అన్నిటికంటే మంచి మార్గం, వాళ్ల వంటింట్లోనే సాయం చేస్తానని అడగడం. నేను నేర్చుకున్నది అలాగే. తురిమేదాన్ని, పిండేదాన్ని, తిరగేసేదాన్ని. స్టవ్ మాత్రం పెద్దావిడే వెలిగించేది. వంట నిప్పు యూదుల చేత్తో వెలగాలన్నది వాళ్ల నియమం. అది తెలిశాక నేనే పక్కకు జరిగి ఆవిడ వెలిగించేదాకా ఆగేదాన్ని.

మీరు చెప్పిన లీక్ అట్లు ఎలా చేయాలి? హైదరాబాద్‌లో లీక్ దొరకడం కష్టం, దొరికినా ధర మండిపోతోంది. (మియాపూర్)

వీటిని కెఫ్తెస్ దె ప్రాసా అంటారు. 1492లో స్పెయిన్ నుంచి వెళ్లగొట్టిన యూదుల్లో చాలామంది ఒట్టోమన్ రాజ్యంలో, అంటే నేటి టర్కీ, గ్రీస్, బాల్కన్ ప్రాంతాల్లో స్థిరపడ్డారు. వీళ్లు సెఫార్దీలు. పాత స్పానిష్ నుంచి వచ్చిన లదీనో వాళ్ల ఇంటి భాష. లీక్ వీళ్లకు పండుగ కూర. కొత్త సంవత్సరానికీ, పస్కాకూ, హనుక్కాకూ ఈ అట్లు ఉంటాయి. బైబిల్ చదివేవాళ్లకు గుర్తుండే ఉంటుంది, సంఖ్యాకాండంలో అరణ్యంలో నడుస్తూ ఇశ్రాయేలీయులు ఐగుప్తు తిండిని తలుచుకున్నప్పుడు ఉల్లి, వెల్లుల్లితో పాటు ఈ కూర కూడా ఉంది.

కిలో లీకుల్లో తెల్లభాగం, లేతాకుపచ్చ భాగం తీసుకుని నిలువుగా చీల్చి పొరలు విడదీసి కడగండి. పొరల మధ్య మట్టి చాలా ఉంటుంది. కోషర్ ఇళ్లలో పురుగు తినడం నిషిద్ధం కనుక ప్రతి పొరనూ వెలుతురులో పట్టి చూస్తారు, ఈ అలవాటు మనమూ నేర్చుకోదగ్గది. సన్నగా తరిగి, మెత్తబడేదాకా పావుగంట, ఇరవై నిమిషాలు ఉడికించి, వంచి, చల్లార్చి పిండండి. ఇక్కడ కూడా పిండటమే ప్రాణం. కిలో కాస్తా పిడికెడు ముద్ద అయినట్టు కనిపిస్తుంది, కంగారుపడకండి. రెండు గుడ్లు, అరకప్పు రస్కు పొడి, ఉప్పు, మిరియాలు కలిపి, అరచేతిలో చిన్న బిళ్లలుగా ఒత్తి వేయించండి. వేడి మీద నిమ్మరసం పిండుకోవాలి. కొందరు ఉడికించిన దుంప మెదిపి కలుపుతారు, కొందరు ఖీమా కలుపుతారు.

లీక్ లేకపోతే ఉల్లికాడలు వాడండి. ఘాటు కొంచెం ఎక్కువ కాబట్టి ఒక ఉడికిన దుంప కలిపితే సరిపోతుంది. పాలకూరతో చేసే కెఫ్తెస్ కూడా సెఫార్దీ ఇళ్లలో మామూలే, అదైతే మనకు తక్కువ ధరకే దొరుకుతుంది.

లాట్కేలో మైదా బదులు శనగపిండి కలపొచ్చా? అలాగే మా జిల్లాలో యూదులున్నారని విన్నాను, నిజమేనా? (గుంటూరు)

హనుక్కాకు కలపొచ్చు, రుచి మాత్రం పకోడీ వైపు వెళ్లిపోతుంది. పస్కా వంటకైతే వద్దు. ఆ ఎనిమిది రోజులు పులిసే ధాన్యమేదీ ఇంట్లో ఉండదు. అష్కెనాజీలు, అంటే పెద్దావిడలా ఐరోపా మూలాలున్నవాళ్లు, వాటితో పాటు పప్పుధాన్యాలు, బియ్యం కూడా మానేయడం ఆచారం. సెఫార్దీల్లో చాలామంది బియ్యం తింటారు. పిండికి నీళ్లు తగిలిన 18 నిమిషాల్లోపు కాల్చేసిన మాట్జో పొడి గానీ, బంగాళాదుంప పిండి గానీ అప్పుడు వాడతారు.

రెండో ప్రశ్నకు, నిజమే. చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిమ్ అనే సమాజం ఉంది. తెలుగే మాట్లాడతారు, యూదు మతాచారాలు పాటిస్తారు, వాళ్లకు ప్రార్థనా మందిరం ఉంది. లాట్కే మాత్రం తూర్పు ఐరోపా వాళ్ల ఇంటి వంట.

మావారికి గుండె జబ్బు. ఓవెన్‌లో చేయొచ్చా? (కర్నూలు)

చేయొచ్చు. ట్రేకి నూనె రాసి, ముందు ఆ ట్రేని ఓవెన్‌లో బాగా వేడిచేసి, బిళ్లలు పల్చగా పరిచి, 220 డిగ్రీల దగ్గర ఒక్కో వైపు పన్నెండు నిమిషాలు కాల్చండి. ఉప్పు తగ్గించండి. ఎన్ని తినొచ్చో డాక్టరు గారినే అడగండి.

ముందుగా చేసి దాచుకోవచ్చా? (విశాఖపట్నం)

దాచుకోవచ్చు. హనుక్కా ఎనిమిది రాత్రుల్లో ఒక శుక్రవారం తప్పకుండా వస్తుంది. ఆ సాయంత్రం సూర్యుడు అస్తమించేసరికి సబ్బాతు, అంటే వాళ్ల వారపు విశ్రాంతి దినం, మొదలవుతుంది, ఇక పొయ్యి వెలిగించరు. అందుకని పెద్దావిడ మధ్యాహ్నమే అన్నీ వేయించి, సన్నని వేడి మీద ఓవెన్‌లో ఉంచేది. మీరు చేసేటప్పుడు లేత రంగు రాగానే తీసి, పూర్తిగా చల్లార్చి, మధ్యలో కాగితం పెట్టి డీప్ ఫ్రీజర్‌లో ఉంచండి. తినేముందు కరగనివ్వకుండా నేరుగా 200 డిగ్రీల ఓవెన్‌లో, జాలీ మీద, పది పన్నెండు నిమిషాలు. ఓవెన్ లేకపోతే మందపాటి పెనం మీద నూనె లేకుండా మూత తీసి సన్నసెగన వేడిచేయండి. మైక్రోవేవ్‌లో పెడితే మాత్రం మెత్తబడిపోతాయి.